జప్తు గుర్రాలు

అట్-బాషీ
మార్చి

జిపార్,

క్షేమసమాచారాలు తర్వాత. ముందు ఇది చెప్పు: నీకూ నా తమ్ముడికీ పడకపోతే మధ్యలో నా గుర్రాలేం చేశాయి?

మొన్న పొద్దున బూడిదరంగుది ఈనింది. పిల్ల మెడ తిరిగి అడ్డం పడింది. మోచేతుల దాకా లోపలికి పెట్టి సర్దుతుంటే వాకిట్లో జీపు ఆగింది. కోర్టు అమీనా. పేరు సముదిన్. పాపం మర్యాదస్తుడే, నేను పిల్లని బయటికి లాగేదాకా టోపీ చేత్తో పట్టుకుని నిలబడ్డాడు. పిల్ల తడబడుతూ లేచాక అప్పుడు నోరు విప్పాడు.

"అమ్మా, ఈ మంద జప్తులో ఉంది."

"ఇప్పుడు పుట్టింది కూడానా?" అన్నాను.

కాగితం చూసుకున్నాడు. "దాన్నీ రాసుకోవాలి" అన్నాడు.

ఒక్కోదాని పిర్ర మీద ఎర్రరంగు పూశారు. గుర్రాలు బెదిరి తన్నుతుంటే ఇరుగుపొరుగంతా కంచె మీద మోచేతులానించి తమాషా చూశారు. ఆఖర్న నాచేతే సంతకం పెట్టించుకున్నారు. అమ్మను, కోయను, ఈ ఊరు దాటించను అని. నా గుర్రాలకి నన్నే కాపలాదారుని చేసి పోయారు.

సర్కారు ఉమ్మడి పొలం, ఆ కల్హోజ్ ఎత్తేసి పశువుల్ని పంచిన రోజు నా వంతుకొచ్చిన రెండు గుర్రాల సంతానం ఇదంతా. మిగతావాళ్ళు వాళ్ళ గొర్రెల్ని ఆ చలికాలమే కోసుకు తిన్నారు. నేను తినలేదు. నా మొగుడు పోయి పుట్టింటికి తిరిగొచ్చాక నాకంటూ ఉన్నవి ఈ రెండు గుర్రాలే. ఇంటి పెద్దని మా నాన్న పేర రాశారు, నాన్న పోయాక మగదిక్కని తమ్ముడు కెంజెబెక్ పేర మార్చారు. పోనీలే, గుర్రానికి చదువు రాదు గదా, ఏ పేరైతేనేం అనుకున్నాను. నీకివన్నీ తెలుసు. పెళ్ళయిన కొత్తలో నాతో కూర్చుని పాలు పిండావు. అయినా జప్తు వేయించావు.

వాడితో పేచీ ఉంటే వాడి చొక్కా పట్టుకో. నా గుర్రాల తోకలు పట్టుకుంటావేం? వెళ్ళి తీయించు. మే నెలలో మేతకి మంద కొండెక్కాలి.

కెంజెబెక్ ఎక్కడున్నాడో నాకు తెలీదు. అడక్కు.

బురుల్


బిష్కెక్
ఏప్రిల్

బురుల్ గారికి,

మీ ఉత్తరం అందింది. వ్యాను నడిపే బొలోత్ నేను పనిచేసే ట్రాలీబస్సు డిపోకి తెచ్చిచ్చాడు. నేను డ్యూటీ దిగేదాకా కూర్చున్నాడు, మీరేదో పెద్ద విషయం రాశారని అతనికీ తెలిసినట్టుంది.

మీరు రాసింది చదివాను. ఇక్కడ జరిగింది కూడా చదవండి.

ఫిబ్రవరిలో ఒకరోజు నేను బస్సు డ్యూటీలో ఉన్నాను. మా పిల్ల చొల్పొన్ బడి నుంచొచ్చి ఇంట్లో ఒక్కతే ఉంది. మీ తమ్ముడు ఇద్దరు మనుషుల్ని వెంటబెట్టుకొచ్చాడు. వాళ్ళు బూట్లు విప్పకుండా లోపలికొచ్చి వంటింటి కిటికీ కొలిచారట. ఒకడు గోడ తట్టి చూసి "ఇది కూల్చేయొచ్చు" అన్నాడట. పిల్ల వాళ్ళకి టీ పెట్టింది. ఇంటికొచ్చిన వాళ్ళకి టీ ఇవ్వాలని నేనే నేర్పాను మరి. వాళ్ళు వెళ్ళాక నాకోసం గేటు దగ్గరే నిలబడింది, లోపలికి పోలేదు.

ఆ ఇంటికి ఇటుకలు మేమిద్దరం మోశాం. కాగితాలు ఆయన పేర ఉన్నాయి. ఆయన టైర్ల దుకాణం, ఆ కొత్తావిడ సంగతి ఊరందరికీ తెలుసు, నేను వేరే రాయక్కర్లేదు. మర్నాడే వేరా పెత్రోవ్నా అనే ముసలి వకీలు దగ్గరికి పోయాను. విడాకులకీ, ఇంటి పంపకానికీ దావా వేశాం. ఆయన ఏదీ అమ్ముకోకుండా ఆయన పేర ఉన్నవన్నీ జప్తు చెయ్యమని అడిగాం. ఏమేం ఉన్నాయని కోర్టువాళ్ళు వెతికితే ఇల్లూ, మీ మందా తేలాయి.

ఆ గుర్రాలు మీవని నాకు తెలుసు. కాగితానికి తెలీదు. తెలిసే ఊరుకున్నాను. ఎందుకంటే ఆయనకి సమన్లు ఇవ్వబోతే మనిషి దొరకడం లేదు. దుకాణం మూశాడు. ఫోను ఎత్తడు. నేను ఏడిస్తే కదలనివాడు మీరు కేకలేస్తే కదులుతాడేమోనని ఆశ.

ఆయన కోర్టుకి రానీ, గుర్రాల మీద జప్తు నేనే ఎత్తించమంటాను. ఎక్కడున్నాడో మీకు తెలీదని రాశారు. నేనసలు అడగనే లేదే?

జిపార్


అట్-బాషీ
ఏప్రిల్ చివర

జిపార్,

నన్ను 'మీరు' అన్నావు. పైగా 'గారు'. ఇన్నేళ్ళ బట్టీ వదినా వదినా అని నా వెనకే తిరిగినదానివి. ఆ ఒక్క మాట దగ్గరే ఉత్తరం మడిచి పొయ్యి పక్కన పడేశాను. మళ్ళీ సాయంత్రం తీసి చదివాను.

సరే విను. వాడిక్కడే ఉన్నాడు. ఫిబ్రవరి నుంచీ. మా వెనక గదిలో పడుకుంటాడు, పొద్దెక్కి లేస్తాడు, అమ్మ వాడికి మీగడ తీసి పెడుతుంది. అమీనా వచ్చినప్పుడు కూడా లోపలే ఉన్నాడు. నా గుర్రాలకి రంగు పూస్తుంటే తెర సందులోంచి చూస్తూ కూర్చున్నాడు, బయటికి రాలేదు. నీ దగ్గర దాచాను. నా తోడబుట్టినవాడు, ఎవరికి పట్టివ్వను?

ఎండుగడ్డి అయిపోవచ్చింది. ఊళ్ళో వాళ్ళు గుడారాల చట్రాలు బయటికి తీసి తాళ్ళు బిగించుకుంటున్నారు. ఎవరు ఎదురైనా "ఎప్పుడు బయల్దేరుతున్నావ్ బురుల్?" అంటారు, అన్నీ తెలిసే. పాలిచ్చే గుర్రాలు కంచె కర్రలు కొరుకుతున్నాయి. నేను కూర్చున్నచోట కూర్చోలేను. గడ్డివాము దాకా పోతాను, చూస్తాను, వెనక్కొస్తాను. చూస్తే పెరుగుతుందా గడ్డి?

సముదిన్‌ని అడిగితే, "కోర్టు ఒప్పుకోకుండా నేను కదలనివ్వలేనమ్మా" అన్నాడు. జిల్లా కోర్టుకి పోయాను. అక్కడి గుమాస్తా చెప్పింది, సొత్తు నాదైతే జప్తు ఎత్తేయమని నేనే దావా వెయ్యాలట. ఎవరి మీద? జప్తు వేయించినావిడ మీద, ఎవరి పేర ఉందో వాడి మీద. అంటే నీ మీదా, నా తమ్ముడి మీదా. "ప్రతివాదులు ఇద్దరు" అని ఆ పిల్ల నవ్వుతూ చెప్పింది.

ఇంటికొచ్చి కెంజెబెక్‌తో అన్నాను. "ఒక్కసారి నాతో వచ్చి గుర్రాలు అక్కవి అని చెప్పు, దావా అక్కర్లేదు" అన్నాను. "చూద్దాంలే అక్కా" అన్నాడు. రోజూ అదే మాట. చూద్దాం, చూద్దాం.

అమ్మ మాత్రం తేల్చి చెప్పేసింది. "తమ్ముణ్ణి కోర్టు మెట్లెక్కించే కూతురు నా కడుపున పుట్టలేదు. దావా వేస్తే ఆ రోజే నేనీ ఇల్లు దిగిపోతాను."

ఇప్పుడు చెప్పు, ఏం చెయ్యమంటావు?

బురుల్


బిష్కెక్
మే మధ్యలో

వదినా,

నీ ఉత్తరం చదివి ముందు నవ్వొచ్చింది. ఆయన మీగడ తింటున్నాడా! ఇక్కడ వేరా పెత్రోవ్నా ఆయన కోసం కజకస్తాన్ దాకా కబురు పెట్టింది. నవ్వాక వెంటనే ఆమెకి ఫోన్ చేసి మీ ఇంటి అడ్రసు చెప్పేశాను. తిట్టుకో. కానీ నీతో అబద్ధమాడలేను, అందుకే రాస్తున్నాను.

సమన్లు చేరాయట. చేరిన వారానికే ఆయన తరఫు వకీలొకడు డిపోకొచ్చాడు. మెరిసే బూట్లు, చేతిలో మిఠాయి పొట్లం. "గొడవెందుకమ్మా, రాజీ పడండి" అన్నాడు. ఏం రాజీ అంటే, ఇల్లు ఆయనకి వదిలేయాలి. దానికి బదులు అట్-బాషీలో ఉన్న మంద మొత్తం నాకు రాసిచ్చేస్తాడట.

అర్థమైందా వదినా? "చూద్దాంలే అక్కా" అంటే ఇది. నీ గుర్రాలు నాకిచ్చి, నా ఇల్లు తను తీసుకుంటాడు. తన చేతిలోంచి దమ్మిడీ కదలదు.

ఇంకా ఉంది, ఇది రాయాలంటే చెయ్యి రావట్లేదు. నేను వెంటనే ఛీ పొమ్మనలేదు. ఆ కాగితం సంచిలో పెట్టుకుని కొన్నాళ్ళు బండి నడిపాను. వేరా పెత్రోవ్నా, "చట్టప్రకారం సరిగ్గానే ఉంది, సంతకం పెడితే మంద నీదే. ఇంటి మీద పోట్లాడితే సగమే వస్తుంది, అదీ ఎప్పటికో" అంది. కొనేవాళ్ళు కూడా సిద్ధంగా ఉన్నారు. ఆ డబ్బుతో చొల్పొన్‌కీ నాకూ చిన్న ఫ్లాటు వస్తుంది. గోడ తట్టి చూసేవాళ్ళు లేని ఫ్లాటు. ఒకరోజు ఇదే ఆలోచిస్తూ స్టాపు దాటించేశాను, జనం బూతులు తిట్టారు.

ఇంకా సంతకం పెట్టలేదు. పెట్టనని కూడా ఒట్టు వెయ్యలేను. నువ్వు దావా వెయ్యి. త్వరగా వెయ్యి. అత్తయ్య మాట అటుంచు, నేను మనసు మార్చుకునేలోపు వెయ్యి.

జిపార్


ఆర్పా ఎగువ పచ్చిక
మే చివర

జిపార్,

మంద నాతో కొండ మీద ఉంది. కోర్టు ఒప్పుకోలేదు, నేను ఆగలేదు.

నీ ఉత్తరం వచ్చిన రోజే దావా వేశాను. అమ్మ అన్నంత పనీ చేసింది. పరుపు చుట్టుకుని మా మేనమామ కోడలింటికి పోయింది. నన్ను ఆ పరుపు పట్టుకోనివ్వలేదు. వీధిలో అందరి ముందూ దాన్ని తనే ఈడ్చుకుంటూ పోయింది. కెంజెబెక్ గుమ్మంలో నిలబడి, "చూశావా నువ్వు చేసింది?" అన్నాడు. "నువ్వు చేసింది కూడా చూశాన్రా, నీ పెళ్ళానికీ వకీళ్ళకీ పంచడానికి నా గుర్రాలే దొరికాయా?" అన్నాను. వాడి మొహం మాడిపోయింది. నాకు తెలిసిందని అప్పుడు తెలిసింది వాడికి.

విచారణ జూలైలో అన్నారు. జూలై దాకా గుర్రాలు మట్టి తింటాయా? మర్నాడు తెల్లారకుండా కంచె తీశాను. కనుమ మీద ఇంకా మంచుంది. పిల్లలు పొట్టల దాకా కూరుకుపోయాయి. ముందు పోతుగుర్రాన్ని తోలి దారి తొక్కించి, వెనక పిల్లల్ని ఒక్కొక్కదాన్ని మెడ పట్టి లాక్కొచ్చాను. ఒక్కటి కూడా పోలేదు. కింద పచ్చిక కనపడగానే అవి పరిగెత్తిన పరుగు చూడాలి నువ్వు! నేను మంచులోనే కూలబడి అరిచాను. ఏమని అరిచానో నాకే తెలీదు.

ఆ సంతోషం ఎక్కువ రోజులు లేదు. నాలుగో రోజున సముదిన్ వచ్చాడు, పోలీసుతో. "కాపలాకి ఒప్పుకుని సంతకం పెట్టి సొత్తు మాయం చేశావని ఫిర్యాదు వచ్చిందమ్మా. ఇది మామూలు నేరం కాదు" అన్నాడు. "మాయమెక్కడ? కళ్ళెదుటే ఉన్నాయిగా, లెక్కపెట్టుకో" అన్నాను. ఫిర్యాదు ఎవరిచ్చారని అడగక్కర్లేకపోయింది. జీపు వెనక నిలబడి ఉన్నాడు. బూటుతో గడ్డి తవ్వుతూ కొండల వైపు చూస్తున్నాడు, నా వైపు చూడలేదు.

నా వీపు మీద మోసి పెంచిన పిల్లాడు, జిపార్.

కేసు రాస్తారట. ఈ ఉత్తరం పాలకోసం వచ్చిన లారీవాడికిస్తున్నాను. నువ్వు సంతకం పెట్టావా, లేదా? అది ఒక్కటే రాయి. ఇంకేం వద్దు.

బురుల్


బిష్కెక్
జూన్

వదినా,

పెట్టలేదు. పెట్టను. మిఠాయి పొట్లంతో సహా తిప్పి పంపాను.

నీ ఉత్తరం బండిలోనే చదివాను, సిగ్నలు దగ్గర. తర్వాత బండిని డిపోలో వదిలేసి, ఒంట్లో బాగాలేదని చెప్పి, తిన్నగా వేరా పెత్రోవ్నా ఇంటికి పోయాను.

"నేను అడిగితేనే కదా జప్తు వేశారు. ఆ సొత్తు కొండ మీద ఉంటే నాకు అభ్యంతరం లేదని నేను చెప్పొచ్చా?" అన్నాను. ఆవిడ కళ్ళజోడు తీసి బల్ల మీద పెట్టింది. "చెప్పొచ్చు. కానీ కూర్చున్న కొమ్మ నరుక్కుంటున్నావు. ఆ గుర్రాలు చేజారితే నీ భర్త భయపడేదేం మిగలదు" అంది. "నరుక్కోనీ, నా కొమ్మ అది కాదు" అన్నాను.

కోర్టుకి రాసిచ్చాం. మంద మొత్తం ఉందని సముదిన్ కూడా రాశాడట. ఒక్క పిల్ల కూడా తగ్గకపోవడంతో నీ మీద కేసు కట్టలేదు. సముదిన్‌కి నా తరఫున ఒక గిన్నెడు పాలు పొయ్యి.

ఇప్పుడు అసలు చిక్కు. గుర్రాలు తన దుకాణం డబ్బుతో కొన్నవనీ, అక్క జీతానికి కాసిందనీ ఆయన జవాబు దాఖలు చేశాడు. అవి నీవని నోటరీ దగ్గర నేను రాసి పంపుతున్నాను. కానీ ఆడవాళ్ళిద్దరూ కుమ్మక్కయ్యారని ఆయన వకీలు అంటాడు. కల్హోజ్ పంచిన రోజు చూసినవాళ్ళు కావాలి. ఎవరున్నారు? ఆ రోజు పంచిన పెద్దమనిషి పోయాడు. మిగతావాళ్ళు ఆయన తాగించే వోడ్కాకి ఎదురు చెప్తారా?

నాకు తెలిసి ఒక్కరే ఉన్నారు. పరుపు చుట్టుకుపోయినావిడ.

అడుగు వదినా. కాళ్ళు పట్టుకునైనా అడుగు.

జిపార్


ఆర్పా ఎగువ పచ్చిక
జూలై

జిపార్,

చొల్పొన్‌కి తట్టు పోసిందని బొలోత్ చెప్పాడు, అందుకే విచారణకి నువ్వు రాలేదని. ఇప్పుడెలా ఉంది? చీకటి గదిలో పడుకోబెట్టు, పుల్లనిది ఏదీ పెట్టకు.

జప్తు ఎత్తేశారు. ముందు అది రాసేశాను. ఇక మిగతాది విను.

అమ్మని నేను అడగలేదు. రెండుసార్లు కొండ దిగి ఆ గుమ్మం దాకా పోయాను. మొదటిసారి మేనమామ కోడలు బయటికొచ్చి అత్తయ్య పడుకుందంది. లోపల అమ్మ దగ్గు వినిపిస్తూనే ఉంది. రెండోసారి తలుపే తీయలేదు. అందుకని కోర్టే పిలిచింది. వస్తుందనుకోలేదు. వచ్చింది. తెల్ల తలగుడ్డ ఉతికి చుట్టుకుని, కెంజెబెక్ చెయ్యి పట్టుకుని వచ్చి వాడి పక్కనే కూర్చుంది. అయిపోయింది అనుకున్నాను.

వాడి వకీలు చాలాసేపు మాట్లాడాడు. నీ కాగితం చదివినప్పుడు పెదవి విరిచాడు, నువ్వన్నట్టే కుమ్మక్కు అన్నాడు. తర్వాత జడ్జిగారు అమ్మని లేవద్దు, కూర్చునే చెప్పమన్నారు. అమ్మ లేచే నిలబడింది.

"పెద్దమ్మా, ఈ మంద ఎవరిది?"

"మీ కాగితంలో ఎవరిదని ఉంది?"

"మీ అబ్బాయిది అని ఉంది."

"మరింకేం, నన్నెందుకు పిలిచారు?"

వెనక ఎవరో నవ్వారు. జడ్జిగారు నవ్వలేదు. "కాగితం కాదు పెద్దమ్మా, మీరు కళ్ళతో చూసింది కావాలి" అన్నారు.

అమ్మ తలగుడ్డ సర్దుకుంది. నేను తల ఎత్తలేదు. ఆఖరికి నెమ్మదిగా అంది: "ఆ రోజు వాన. కల్హోజ్ కొట్టం ముందు పేర్లు పిలిచారు. రెండు గుర్రాల్ని తెచ్చి తాళ్ళు నా కూతురి చేతికిచ్చారు. ఒకటి కుంటిది. ఎవరికీ అక్కర్లేక దీనికిచ్చారు. నా కొడుకు అప్పుడు నగరంలో చదువుకుంటున్నాడు. వాడి చదువుకి ఆ గుర్రాలకి పుట్టిన మొదటి పిల్లని అమ్మింది ఇదే."

"అమ్మా, ఏం మాట్లాడుతున్నావ్ నువ్వు!" అని కెంజెబెక్ లేచాడు.

అమ్మ వాడి మోచెయ్యి పట్టి కూర్చోబెట్టింది. "కూర్చో. నీ చదువు సంగతి చెప్తే నీకు సిగ్గేముంది?" అంది.

అంతే. ఇంకేమీ అడగలేదు. మధ్యాహ్నం తీర్పు చదివారు. మంద నాది, జప్తు చెల్లదు.

బయట మెట్ల దగ్గర అమ్మ కాళ్ళకి అడ్డంపడ్డాను. "అమ్మా" అన్నాను. అమ్మ నా వంక చూడకుండా అంది: "నిజం కోర్టుకి చెప్పాను. నీకు చెప్పలేదు. తప్పుకో." కెంజెబెక్ స్నేహితుడి కారెక్కి వెళ్ళిపోయింది.

గెలిచినదాన్ని నేను, కొండకి తిరిగొచ్చి గుర్రాల మధ్య పడుకున్నాను. సముదిన్ పైకొచ్చి జప్తు ఎత్తేసినట్టు సంతకం చేయించుకున్నాడు. "సంతోషం అమ్మా" అన్నాడు. పాలు పోశాను. రంగు మాత్రం వెంట్రుక రాలేదాకా పోదట.

నాకు అమ్మ కావాలి జిపార్. ఇది ఎక్కడ దావా వెయ్యాలి?

బురుల్


బిష్కెక్
ఆగస్టు

వదినా,

చొల్పొన్ లేచి తిరుగుతోంది. మొహం మీద మచ్చలు లెక్కపెట్టుకుంటోంది, అంటే తగ్గినట్టే.

మా తీర్పు కూడా వచ్చింది. విడాకులయ్యాయి. ఇల్లు సగం సగం. ఇంటి మీద జప్తు కూడా ఎత్తేశారు, పంచుకోవాలంటే ఎత్తక తప్పదు కదా. నడవాలో తలుపుండే చోట ఇటుకలు పెట్టి మూసేశారు. వంటిల్లు నాకు, ఎండ వచ్చే గది ఆయనకి. నా సగం నా పేరున ఉంది. మొదటిసారి చూసుకున్నప్పుడు నా పేరు ఎవరిదో అనిపించింది.

ఇక రాయాలా వద్దా అని నేను వారం కొట్టుకులాడిన సంగతి విను. ఆయన తన సగంలోకి అత్తయ్యని తెచ్చి పెట్టాడు. అట్-బాషీలో కోడలింట్లో ఎన్నాళ్ళుంటుందని తెచ్చాట్ట. తెచ్చాడు సరే, తను ఆ కొత్తావిడ దగ్గరే ఉంటాడు. రెండు మూడు రోజులకోసారి రొట్టె, మాంసం తెచ్చి పడేసి పోతాడు. పొద్దంతా గోడకవతల ఆవిడ ఒక్కతే.

నాకేం సంబంధం? విడాకులిచ్చినవాడి తల్లి. పెళ్ళయిన కొత్తలో నా పిండి గట్టిగా ఉందని కుక్కకి వేసిన మనిషి. నేను పట్టించుకోకూడదని గట్టిగా అనుకున్నాను. కానీ అడుగుల చప్పుడు వినిపిస్తుంది వదినా. గోడ నుంచి గోడకి, మళ్ళీ గోడకి. కొండల్లో బతికిన మనిషి గదిలో తిరుగుతోంది. డ్యూటీకి పోయినా అదే చప్పుడు చెవిలో.

నిన్న చప్పుడు ఆగిపోయింది. ఎంతకీ లేదు. నేను గబగబా అటుపక్క గుమ్మానికి పరిగెత్తాను. తలుపు తీసుకుని చూస్తే కిటికీ దగ్గర కూర్చుని ఉంది. చొల్పొన్ నాకంటే ముందే అక్కడుంది, కంచె దూకి వెళ్ళిందట, మామ్మ ఒళ్ళో తల పెట్టుకుని. "ఏం, నీకూ చోటు కావాలా?" అంది అత్తయ్య నన్ను చూసి.

జిపార్


ఆర్పా ఎగువ పచ్చిక
సెప్టెంబరు మొదట్లో

జిపార్,

ఏం తింటోంది? పళ్ళు లేవు, మాంసం చిన్న ముక్కలు కోసి ఉడికించాలి. మోకాళ్ళకి వెచ్చగా కట్టుకుంటోందా? నేను అడిగానని చెప్పకు. నా పేరెత్తుతుందా ఎప్పుడైనా? ఎత్తదనుకో. ఎత్తకపోతే అది కూడా రాయకు.

ఎండబెట్టిన పెరుగు ఉండలు ఒక సంచి బొలోత్‌తో పంపుతున్నాను. చొల్పొన్‌కని చెప్పు.

నేనిక్కడ ఉండనూ లేను, దిగనూ లేను. గడ్డి ఇంకా ఉంది. మందకి ఒళ్ళొచ్చింది, పిల్లలు తల్లుల్ని మించి పరిగెడుతున్నాయి. చుట్టుపక్కల గుడారాలు ఒక్కొక్కటే విప్పుతున్నారు. కింద ఇంట్లో పొయ్యి వెలిగించేవాళ్ళు లేరు గదా, తొందరెందుకు అనుకుంటాను. మళ్ళీ ఇంకో గంటకి మూటలు కడతాను, విప్పుతాను. కెంజెబెక్ కబురు పెట్టాడు, అక్కా, ఒక గుర్రం ఇవ్వవా అని. కోపం కూడా రాలేదు. ఇవ్వనని చెప్పి పంపాను. వాడికి ఆకలేస్తే వచ్చి తినమన్నాను, అన్నానికి జప్తు లేదు.

బురుల్


బిష్కెక్
సెప్టెంబరు

వదినా,

ఈ ఉత్తరం అటుపక్క గదిలో కూర్చుని రాస్తున్నాను. ఎండ వచ్చే గదిలో. అత్తయ్య నా ఎదురుగా ఉంది. డ్యూటీ అయ్యాక వంట ఇక్కడికే తెస్తున్నాను, ముగ్గురం తింటున్నాం. ఎవరం ఎవరినీ ఏమీ అడగలేదు, అలా జరిగిపోయింది. నా పిండి ఇప్పటికీ గట్టిగానే ఉందట.

పెరుగు ఉండలు చొల్పొన్‌కి వచ్చాయని చెప్పాను. ఒకటి తీసుకుని చప్పరిస్తూ, "ఉప్పు ఎక్కువేసింది" అంది. ఎవరు వేశారో అనలేదు. సంచి మాత్రం తన పరుపు కింద పెట్టుకుంది. చొల్పొన్ అడిగి తీసుకోవాల్సి వస్తోంది.

నేను కలం తీయగానే, "ఎవరికి?" అంది.

"మీ అమ్మాయికి."

"నాకు అమ్మాయి ఎక్కడుంది?" అని గోడవైపు తిరిగి కూర్చుంది. సరేనని రాసుకుంటున్నాను. కాసేపటికి, "ఏం రాస్తున్నావ్ అంతసేపు?" అంది. మీరు ఉప్పు ఎక్కువైందన్న సంగతి రాస్తున్నానన్నాను. "అది రాయకు" అంది. రాసేశానన్నాను. "ఇంకేం రాశావ్?" అంది. చదివాను. నువ్వు చెప్పొద్దన్నా నీ ఉత్తరం కూడా చదివాను. నువ్వడిగిన మోకాళ్ళ మాట దగ్గర కళ్ళు మూసుకుంది.

తర్వాత లేచి నడవడం మొదలుపెట్టింది. గోడ నుంచి గోడకి. నేను రాయడం ఆపి చూస్తున్నాను. కిటికీ దగ్గర ఆగి ఆకాశం చూసింది, దక్షిణం వైపు, కొండలున్న వైపు.

"అందరూ దిగిపోయి ఉంటారు" అంది. "అది దిగి ఉండదు. గడ్డి పరక మిగిలినా దిగదు, దానికి వెర్రి." ఇటు తిరిగింది. "ఈ ఏడు మంచు ముందే పడుతుంది. పిల్లలున్న మందతో కనుమ మీద చిక్కుకుంటే మనిషి మిగలదు. వెంటనే దిగమను. కింద ఇంట్లో పొగగొట్టం దులిపించుకోమను, నేనొచ్చేసరికి గది వెచ్చగా ఉండాలి."

"ఇదంతా మీరు చెప్పారని రాయనా అత్తయ్యా?" అన్నాను.

"నేనెందుకు చెప్తాను?" అని కసిరింది. "రేడియోలో చెప్పారని రాయి."

వదినా, ఈ ఇంట్లో రేడియో లేదు. వెంటనే దిగు.

జిపార్